ఆ రోజు నేనూ అక్కడే ఉన్నాను

పోయిన శనివారం ఆంటీ మెమోరియల్ సర్వీస్‌కి వెళ్ళాం, నేనూ మా ఆయనా. చర్చిలో ముందు వరసల్లో లైబ్రరీ వాళ్ళు, పిల్లల్ని వెంటేసుకొచ్చిన మన తెలుగు తల్లులు. వెనక వరసల్లో ఎక్కడెక్కడి నుంచో డ్రైవ్ చేసుకుంటూ వచ్చిన ఘనా వాళ్ళు, చావులకి వాళ్ళు కట్టుకునే నలుపూ ఎరుపూ బట్టల్లో. పాస్టర్ గారు కళ్ళజోడు సవరించుకుని ఆవిడ జీవితం చదవటం మొదలుపెట్టారు. పుట్టిన ఊరు, చదివిన బడి, పిల్లల కోసం రాసిన పుస్తకాలు. బాగానే నడుస్తోంది. అంతలో, "ఆమె తండ్రి లెబనాన్ నుంచి వచ్చి ఘనాలో స్థిరపడిన బట్టల వ్యాపారి. కూతుర్ని కళ్ళలో పెట్టుకుని పెంచుకున్నారు" అన్నారు.

నాకు ఒళ్ళు భగ్గుమంది.

"కూర్చోవే" అన్నాడు మా ఆయన నా మోచెయ్యి పట్టుకుని. నేనింకా లేవను కూడా లేవలేదు. ఇన్నేళ్ళ కాపురంలో నేను లేవబోయే సంగతి నాకంటే ముందు ఆయనకే తెలిసిపోతుంది.

ఎందుకంత మండిందో చెప్పాలంటే ముందు ఆంటీ ఎలాంటి మనిషో చెప్పాలి. పేరు మాత్రం చెప్పను. చెబితే మీరు వెంటనే ఫోన్ తీసి వెతుకుతారు, అక్కడా ఆ పాస్టర్ గారు చదివిందే ఉంటుంది.

ఆవిడ నాకు పరిచయమైంది అమెరికాలో మేముండే ప్లెయిన్స్‌బరోలో, మన ఇండియన్ స్టోర్‌లో, బెండకాయల దగ్గర. నాకో చెడ్డ అలవాటు. తోక విరిచి చూడందే బెండకాయ కొనను. తోకలు విరవద్దని స్టోర్ వాళ్ళు బోర్డు కూడా పెట్టారు, అది ప్రత్యేకంగా నా కోసమేనంటాడు మా ఆయన. ఆ రోజు ఆ బోర్డు కిందే నిలబడి ఇంకొకావిడ టపటపా విరుస్తోంది. చామనచాయ మనిషి, తెల్లబడ్డ ఉంగరాల జుట్టు, తలకు పువ్వుల గుడ్డ. కొడుకు దగ్గరకో కూతురి దగ్గరకో ఆర్నెల్లకని వచ్చిన మనవాళ్ళ అమ్మ ఎవరో అనుకున్నాను. "లేతగా ఉన్నాయాండీ?" అని తెలుగులోనే అడిగేశాను. ఆవిడ ఒక కాయ తీసి, టప్పుమన్న చప్పుడు వినపడేట్టు నా చెవి దగ్గర విరిచి, నా సంచిలో వేసింది. ఇంకొకటి వంగింది గానీ విరగలేదు. మొహం చిట్లించి దాన్ని పక్కన పెట్టేసింది. నా సంచి సగం నిండాక గానీ ఆవిడకు తెలుగు రాదని నాకు తెలియలేదు.

"మా ఊళ్ళో నన్ను తెల్లపిల్ల అనేవాళ్ళు. ఇక్కడికొచ్చాక నల్లదాన్నయ్యాను. ఈ స్టోర్‌కొస్తే ఇండియన్‌ని" అని నవ్వింది. వాళ్ళమ్మ ఘనా మనిషి, నాన్న లెబనాన్ మనిషి. మన ఊళ్ళలో మార్వాడీ కొట్లున్నట్టే వాళ్ళ ఊళ్ళో లెబనాన్ వాళ్ళ బట్టల కొట్లు ఉండేవట. ఏమని పిలవమంటారు అంటే, "ఆంటీ అను. మా దేశంలోనూ పెద్దవాళ్ళంతా ఆంటీలే" అంది. నన్ను ఆవిడ 'సిస్టర్' అనేది. చివరిదాకా అదే పిలుపు.

చూస్తే మా అపార్ట్‌మెంట్ కాంప్లెక్స్‌లోనే, రెండు బిల్డింగుల అవతల ఉంటోంది. ఒక్కతే. అప్పటి నుంచి మా ఇంట్లో ఇడ్లీ వేస్తే ఆంటీకి ఫోన్ వెళ్ళాల్సిందే. వచ్చేటప్పుడు హ్యాండ్‌బ్యాగ్‌లో చిన్న సీసా తెచ్చుకునేది, ఎండుచేపలూ మిరపకాయలూ నల్లగా వేయించిన కారం. నా అల్లప్పచ్చడిని పక్కకు నెట్టి ఇడ్లీలో ఆ కారం నంజుకున్న మనిషి ఈ భూప్రపంచంలో ఆవిడొక్కతే. ఇంకెవరైనా అయితే ఇంటికి మళ్ళీ రానిచ్చేదాన్ని కాదు. ఇల్లంతా ఎండుచేపల వాసన కొట్టేది, మా ఆయన నోరెత్తకుండా కిటికీలు తెరిచేవాడు.

ఆవిడకో విచిత్రమైన అలవాటు ఉండేది. ఏ షాపులోకీ తనంతట తాను వెళ్ళేది కాదు. గుమ్మం దగ్గర ఆగిపోయేది. ఎవరో ఒకరు "రండి" అనాలి. ఇండియన్ స్టోర్‌లో అయితే కౌంటర్ దగ్గరున్న పిల్ల "కమిన్ ఆంటీ" అని పిలిచేది. పెద్ద పెద్ద స్టోర్లలో ఎవరు పిలుస్తారు చెప్పండి? ఆ అద్దాల తలుపు దానంతటదే తెరుచుకునేది, కాసేపు చూసి మూసుకునేది, మళ్ళీ తెరుచుకునేది. ఆవిడ కదిలేది కాదు. వెనక జనం ట్రాలీలతో నిలబడి గొణిగేవాళ్ళు. "ఆంటీ, అది తలుపు. దానికి నోరు లేదు. మీరే వెళ్ళాలి" అని విసుక్కునేదాన్ని. "నువ్వు పిలువు, వెళ్తాను" అనేది. చలికి వణుకుతూ "రండి మహాప్రభో" అని దణ్ణం పెట్టేదాన్ని. అప్పుడు మహారాణిలాగా లోపలికి నడిచేది.

నేను మా ఊరి లైబ్రరీలో పిల్లల సెక్షన్‌లో పార్ట్‌టైమ్ చేస్తాను. పిల్లల పుస్తకాలు రాసిన ఇంత కథల మనిషి రెండు బిల్డింగుల అవతలే ఉంటే ఊరుకుంటానా? శనివారం స్టోరీ అవర్‌కి పట్టుకొచ్చాను. మొదటి రోజే అందర్నీ హడలగొట్టింది. పిల్లల ముందు కూర్చుని, చేతులు రెండూ పైకెత్తి, "చూడండి, నేను చెప్పబోయేదంతా అబద్ధం. ఒక్క ముక్క కూడా నిజం కాదు" అంది. తల్లులు ఫోన్లలోంచి తలలెత్తారు. వాళ్ళ వైపు అలా చెప్పాకే కథ ఎత్తుకోవాలట. ఇంకో పద్ధతి కూడా చెప్పింది. కథ నడుస్తుండగా వినేవాళ్ళలో ఎవరైనా సరే చెయ్యెత్తి, "ఆగండి, ఆ రోజు నేనూ అక్కడే ఉన్నాను" అనొచ్చు. అలా అన్నవాళ్ళు లేచి ఒక పాట పాడాలి, తక్కినవాళ్ళు చప్పట్లు కొట్టాలి. పాటయ్యేదాకా చెప్పేవాళ్ళు ఆగాలి. పాటయ్యాక "ఇక కానివ్వండి" అంటేనే కథ ముందుకు పోతుంది.

"లేకపోయినా ఉన్నామని చెప్పొచ్చా?" అని అడిగింది సహస్ర, మా తెలుగు పిల్లే, ఐదేళ్ళది.

"లేకపోయినా చెప్పాలి. కథని ఒంటరిగా వదిలెయ్యకూడదు" అంది ఆంటీ.

నేనూరుకుంటానా, మన పద్ధతి కూడా చెప్పాను. మా వైపు కథ చెబుతుంటే ఊ కొట్టాలి ఆంటీ, ఊ ఆగిపోతే విన్నవాళ్ళు నిద్రపోయారని చెప్పేవాళ్ళు ఆపేస్తారు అన్నాను. ఆవిడకు ఎంత నచ్చిందో! ఆ రోజు నుంచి ఫోన్‌లో ఊ, డాక్టర్ దగ్గర ఊ, నేను మా ఆయన మీద చాడీలు చెబుతుంటే ఊ. చైనా పిల్లలు, అమెరికన్ పిల్లలు, మన పిల్లలు, అందరూ కలిసి మా లైబ్రరీలో ఊ కొట్టేవాళ్ళు.

ఆవిడ పుస్తకాలన్నింట్లో నాకు గుచ్చుకున్నది బట్టల కొట్టు కథ. ఒక పిల్ల. తల్లి రోడ్డు పక్కన చేపలు వేయించి అమ్ముతుంది. ఎదురుగా పెద్ద బట్టల కొట్టు. ఆ కొట్టాయన దారిన పోయే పిల్లలందరికీ ఇచ్చినట్టే ఈ పిల్లకీ కౌంటర్ మీంచి చాక్లెట్ ఇస్తుంటాడు. ఆయనే మీ నాన్న అని తల్లి ఒకరోజు చెబుతుంది. పిల్ల తలకి నూనె రాసుకుని, ఉన్నవాటిలో మంచి గౌను తొడుక్కుని, కొట్టు గుమ్మంలో నిలబడి "నాన్నా" అని పిలుస్తుంది. కొట్లో ఆయన భార్య ఉంది, వాళ్ళ దేశం నుంచి వచ్చిన భార్య. ఆయన తలెత్తి, గుమాస్తా వైపు తిరిగి, "ఎవరి పిల్ల ఇది?" అంటాడు. అంతే. పిల్ల రోడ్డు దాటి తల్లి దగ్గరకు వచ్చేస్తుంది. తల్లి ఏమీ అడక్కుండా ఒక చేప ముక్క ముల్లు తీసి నోట్లో పెడుతుంది. కథ అయిపోయింది.

ఆ పుస్తకం వేస్తామన్నవాళ్ళు చివర మార్చమన్నారట. కొట్టాయన గుమ్మం దాటి వచ్చి పిల్లని ఎత్తుకుంటే బాగుంటుంది, పిల్లల పుస్తకం కదా అన్నారట. ఈవిడ ససేమిరా అంది. "రానివాణ్ణి నేనెలా రప్పిస్తాను?" అని లేచి వచ్చేసింది. తర్వాత చిన్న పబ్లిషర్లెవరో వేశారు. అచ్చయినన్ని కాపీలు కూడా అమ్ముడుపోలేదు.

ఒకరోజు కార్‌లో అడిగేశాను. "ఆంటీ, ఆ పిల్ల మీరేనా?"

"ముందే చెప్పానుగా, అంతా అబద్ధమని. చెప్పేవాళ్ళు ఎప్పుడూ అక్కడ ఉండరు సిస్టర్. ఉన్నామని అనే హక్కు వినేవాళ్ళకే" అంది. అప్పుడే స్టోర్ ముందు పార్క్ చేశాను. దిగి వెళ్ళి యథాప్రకారం ఆ అద్దాల తలుపు ముందు నిలబడింది. తలుపు తెరుచుకుంది, మూసుకుంది. అప్పుడర్థమైంది నాకు, ఇంతకాలం ఆవిడ ఏ గుమ్మం ముందు నిలబడుతోందో. గబగబా వెళ్ళి చెయ్యి పట్టుకుని, "రండి ఆంటీ, లోపలికి రండి" అన్నాను. ఆ తర్వాత ఎన్నడూ విసుక్కోలేదు.

మతిమరుపు ఎప్పుడు మొదలైందో సరిగ్గా చెప్పలేను. తాళాలు ఫ్రిజ్‌లో దొరికాయి. ఇడ్లీ తిన్న గంటకే వచ్చి ఇడ్లీ వేశావా అని అడిగింది. డాక్టర్ దగ్గరకు నేనే తీసుకెళ్ళాను. ఆయన చెప్పిందంతా "ఊ, ఊ" అంటూ విని, కార్‌లో కూర్చున్నాక అంది: "తాళాలు పోతే పోనీ. పేర్లు పోనీ. కథలు పోతే నేనెవర్ని సిస్టర్? నాకంటూ ఇంకేముంది? నా చేతిలోంచి ఆ శనివారాలు పోనివ్వకు." నేను స్టీరింగ్ పట్టుకుని ఏడ్చాను. ఆవిడే నాకు టిష్యూ ఇచ్చింది.

మా ఆయనకు చెబితే, "వాళ్ళ మేనకోడలు మేరీలాండ్‌లో ఉందిగా, ఆవిడ చూసుకుంటుంది. కందకు లేని దురద కత్తిపీటకెందుకే?" అన్నాడు. అన్నాడే గానీ ఆంటీ ఇంటి స్టవ్‌కి దానంతటదే ఆరిపోయే స్విచ్ ఏదో కొనుక్కొచ్చి బిగించింది కూడా ఆయనే.

ఒక శనివారం కథ మధ్యలో ఆవిడ మాట ఆగిపోయింది. వానని కొనుక్కోవటానికి సంతకెళ్ళిన మేక కథ. మేక సంత దాకా వచ్చింది, అక్కడ ఆగిపోయింది. ఆంటీ కుడిచెయ్యి భుజాల మీద కప్పుకున్న శాలువా అంచుని వెతుక్కుంటోంది, నలుపుతోంది. పిల్లలు చూస్తున్నారు. వెనక మా మేనేజర్ కేరెన్ నిలబడి ఉంది. ఆంటీ ఒకే కథ రెండుసార్లు చెప్పిందని అంతకు ముందే ఎవరో తల్లి కంప్లైంట్ ఈమెయిల్ పెట్టింది. స్టోరీ అవర్ ఇంకెవరికైనా ఇచ్చేద్దామా అని కేరెన్ నన్ను మెల్లగా అడిగి కూడా ఉంది.

నాకెలా తట్టిందో తెలియదు. చెయ్యెత్తి లేచాను. "ఆగండి! ఆ రోజు నేనూ అక్కడే ఉన్నాను!"

ఉన్నాననైతే అన్నాను, పాట ఏది? నా గొంతు సంగతి మా ఇంట్లో గిన్నెలక్కూడా తెలుసు. మా అమ్మమ్మ వడ్లు దంచుతూ పాడుకునే పాట ఒకటి నోటికొచ్చింది, అదే ఎత్తుకున్నాను. మధ్యలో హుమ్, హుమ్ అని ఊపిరి వదలాలి. పిల్లలకు ఆ హుమ్ తెగ నచ్చేసి అందరూ అందుకున్నారు. నేను పాడుతూ ఆంటీ మొహమే చూస్తున్నాను. రెండో చరణం దగ్గర ఆవిడ చెయ్యి శాలువా వదిలేసింది. "ఇక కానివ్వండి ఆంటీ" అన్నాను. మేక సంతలోకి నడిచింది. కథయ్యాక కేరెన్ నా దగ్గరకొచ్చి భుజం తట్టి వెళ్ళింది.

అప్పటి నుంచి అదే మా ఏర్పాటు. ఆవిడ చెయ్యి శాలువా అంచు మీదికి వెళ్ళిందంటే నేను లేచేదాన్ని. "నీ గొంతు మా మేక గొంతు కంటే ఘోరం, కానీ సమయానికి వస్తావు" అనేది ఇంటికెళ్ళేటప్పుడు. పిల్లలు కూడా కనిపెట్టేశారు. నేను లేచేలోపే సహస్ర లేచి నిలబడేది, నడుం మీద చెయ్యేసుకుని, "వెయిట్, నేను అక్కడ ఉన్నా!" అని.

కానీ ఎన్నాళ్ళు ఆగుతుంది? చివరి శనివారం నేను పాడాను, సహస్ర పాడింది, ఇంకో పిల్లాడు కూడా పాడాడు. పాటయ్యి చప్పట్లు ఆగిపోయాయి. ఆంటీ మా అందర్నీ ఒక్కొక్కర్నీ చూసి, "నాకు దారి కనపడట్లేదు" అంది. ఇంగ్లీషులో, చాలా మర్యాదగా. పిల్లలకు ఏం చెయ్యాలో తెలియలేదు. కథ ఆగిపోకూడదని కాబోలు, సహస్ర "ఊ" అంది. ఇంకొకరు "ఊ" అన్నారు. చెప్పేవాళ్ళు లేకుండానే పిల్లలందరూ ఊ కొడుతూ కూర్చున్నారు. నేను ఆ గదిలో ఉండలేక బయటికొచ్చి పుస్తకాల బండి పట్టుకుని నిలబడ్డాను.

తర్వాత మేనకోడలు వచ్చి ఆవిడను దగ్గర్లోనే జ్ఞాపకం పోయినవాళ్ళని చూసుకునే హోమ్‌లో చేర్చింది. నేను మధ్యాహ్నాలు వెళ్ళేదాన్ని. ఆవిడ గది గుమ్మంలో నిలబడేదాన్ని. ఆవిడ రమ్మనేదాకా లోపలికి అడుగు పెట్టేదాన్ని కాదు. నేనెవరో తెలియకపోయినా "కమిన్, కమిన్" అని చెయ్యి ఊపేది. ఎవరినీ గుమ్మంలో నిలబెట్టకూడదన్నది మాత్రం మర్చిపోలేదు. ఇంగ్లీషు కూడా ముక్కలుముక్కలుగా పోయింది. ఊ ఒక్కటే చెక్కుచెదరకుండా మిగిలింది. కాబట్టి నేనే కథలు చెప్పేదాన్ని, ఆవిడ కథలే ఆవిడకు. ఆవిడ ఊ కొట్టేది, ఎప్పుడూ విననట్టు.

ఒక మధ్యాహ్నం బట్టల కొట్టు కథ ఎత్తుకున్నాను. ముందు చేతులెత్తి, ఇదంతా అబద్ధం అన్నాను. "ఊ" అంది. పిల్ల తలకి నూనె రాసుకుంది అన్నాను. "ఊ." గుమ్మంలో నిలబడి నాన్నా అని పిలిచింది అన్నాను. ఊ లేదు. "ఎవరి పిల్ల ఇది, అన్నాడు కొట్టాయన."

ఆవిడ చెయ్యి పైకి లేచింది. "ఆగు" అంది. "ఆ రోజు నేను అక్కడే ఉన్నాను."

ఇన్నేళ్ళలో ఆ మాట ఆవిడ నోట వినలేదు నేను. కథ చెప్పేవాళ్ళ కుర్చీలో కూర్చున్నంతకాలం అనలేకపోయింది. పద్ధతి ప్రకారం ఇప్పుడు ఆవిడ పాడాలి. నేను చప్పట్లకి చేతులు దగ్గరపెట్టుకుని ఎదురుచూశాను. పాట రాలేదు. చెయ్యి అలా గాల్లోనే ఉంది. నేనే పాడాను, మా అమ్మమ్మ పాట, ఆ హుమ్ దగ్గర ఏడుపొచ్చేస్తుంటే. పాటయ్యాక ఆవిడే అంది, "తర్వాత?"

తర్వాతేముందో నాకు తెలుసు. చెప్పటానికి మనసొప్పలేదు. అంతా మర్చిపోయిన మనిషి, ఇప్పుడైనా ఆ తండ్రి దిగి వస్తే ఎవడి సొమ్మేం పోయింది? "తర్వాత కొట్టాయన కౌంటర్ దిగి, గుమ్మం దాటి వచ్చి..." అన్నాను.

"లేదు" అంది. కోపంగా కాదు. చిన్నపిల్ల తప్పు చెబితే టీచరమ్మ దిద్దినట్టు. "రాలేదు. నేను అక్కడే ఉన్నాగా." చెయ్యి దించి నా చేతి మీద పెట్టింది. "ఊ, చెప్పు" అంది.

చెప్పాను. పిల్ల రోడ్డు దాటింది, తల్లి చేప ముక్క ముల్లు తీసి నోట్లో పెట్టింది. ఆవిడ నోరు కొంచెం తెరిచి మూసుకుంది. కొన్నాళ్ళకే పోయింది.

ఇప్పుడు చెప్పండి, నాకు ఒళ్ళు మండదా? మేనకోడల్ని అనలేను. పాపం, నలుగురిలో పరువుగా ఉంటుందని రాసుంటుంది. పాస్టర్ గారికి ఏం తెలుసు? కానీ ఆవిడ బతికున్నన్నాళ్ళూ ఒప్పుకోని అబద్ధాన్ని, మతి పోయాక కూడా ఒప్పుకోని అబద్ధాన్ని, ఆవిడ నోరు మూతపడ్డాక పూలదండల మధ్య పెట్టి చదువుతున్నారు. పాస్టర్ గారు పేజీ తిప్పి, "తండ్రి ఒళ్ళో కూర్చుని విన్న కథలే ఆమెను..." అన్నారు.

మోచెయ్యి విదిలించుకున్నాను. మా ఆయన ఈసారి పట్టుకోలేదు.

"ఆగండి" అన్నాను. "ఆ రోజు నేనూ అక్కడే ఉన్నాను."

ముందు వరసలన్నీ వెనక్కి తిరిగాయి. కేరెన్ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. పాస్టర్ గారు కాగితం పట్టుకుని బిక్కమొహం వేశారు. నేను నా మేక గొంతుతో మా అమ్మమ్మ పాట ఎత్తుకున్నాను. ఒక చరణం దాకా ఆ పెద్ద చర్చిలో నేనొక్కదాన్నే. అప్పుడు వెనక వరసల్లో, నలుపూ ఎరుపూ బట్టల్లో ఎవరో ముసలాయన చప్పట్లు మొదలుపెట్టాడు. ఆయనకు ఈ పద్ధతి తెలుసు. పక్కావిడకు తెలుసు. మొత్తం వెనక వరసలన్నీ చప్పట్లు. ముందు వరసలో సహస్ర లేచి నిలబడి హుమ్, హుమ్ అంది. మేనకోడలు నా వైపు తిరిగి చూసింది, తర్వాత తల వంచుకుని ఏడ్చింది. పాస్టర్ గారు ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకున్నారు.

పాట అయిపోయింది. చప్పట్లు ఆగాయి. పద్ధతి ప్రకారం ఇంకొక్క మాట మిగిలింది నాకు. ముందు టేబుల్ మీద ఆవిడ ఫోటో, తలకి పువ్వుల గుడ్డ చుట్టుకుని.

"ఇక కానివ్వండి ఆంటీ" అన్నాను.

అందరం ఎదురుచూశాం. ఎంతకీ ఏమీ వినపడలేదు.

"ఊ" అన్నాను.